బ్రోచర్‌లో 208 అని ఉంది, మా రోడ్డుకు సరిపోతుందా?

నర్సీపట్నం నుంచి ఒక ఉపాధ్యాయురాలు రాసిన ఉత్తరం ఇది. పేరు, బడి ఉన్న ఊరు బయటపెట్టొద్దన్నారు. ఉత్తరం పెద్దది, సారాంశం మాత్రం ఇస్తున్నాను.

భర్తది నర్సీపట్నంలోనే బ్యాంకు ఉద్యోగం. ఈమె బడి చింతపల్లి దాటాక ఒక గిరిజన గ్రామంలో. రోజూ లంబసింగి ఘాట్ ఎక్కి దిగాలి. తారు రోడ్డు ఆగిపోయాక ఇంకో ఐదు కిలోమీటర్లు మట్టి దారి, మధ్యలో ఒక గెడ్డ, అంటే వాగు. కారు పాత హ్యాచ్‌బ్యాక్. తోటి ఉపాధ్యాయులు ముగ్గురు అందులోనే వస్తారు, పెట్రోలు ఖర్చు పంచుకుంటారు. పోయిన వానల్లో, ట్రాక్టర్లు తిరిగి గాళ్లు పడిన చోట కారు కింద రాయి తగిలింది. "డాష్‌బోర్డు మీద నూనె డబ్బా గుర్తు ఎర్రగా వెలిగింది. ఊరి దాకా పోనివ్వండి మేడమ్, ఎంత దూరం ఉందని, అన్నారు మాస్టారు. నాకు భయమేసి అక్కడే ఆపేశాను. దిగి వెనక్కి చూస్తే దారి పొడవునా నల్లటి గీత." ట్రాక్టరుకు తాడు కట్టి లాగించి, ఇంజను అడుగున నూనె నిలిచే తొట్టి, ఆయిల్ సంప్, కొత్తది వేయించుకున్నారు.

కొత్త కారు కొనాలని అప్పుడే తేలిపోయింది. ఏ కారన్నది మాత్రం ఇంకా తేలలేదు. భర్తకు సన్‌రూఫ్ ఉన్న పొడవాటి బండి కావాలి. "ఆ ఏజెన్సీలో జీవితాంతం ఉంటావా? రేపు బదిలీ అయితే మనకు మిగిలేది కారే కదా" అంటారట. తమ్ముడు జీపు లాంటి మహీంద్రా థార్ తప్ప మాట్లాడడు. అత్తగారికి మోకాలి ఆపరేషన్ అయింది, ఎత్తు బండి ఎక్కలేరు, విశాఖ ఆసుపత్రికి తరచూ తీసుకెళ్లాలి. మెకానిక్ ఏమో "కొత్త కారెందుకమ్మా, స్పేసర్లు వేయిస్తే ఇదే లేస్తుంది" అన్నాడు. కారు అడుగుకూ నేలకూ మధ్య ఎడం, అంటే గ్రౌండ్ క్లియరెన్స్, ఒక షోరూములో కుర్రాడు 208 మిల్లీమీటర్లు అన్నాడు, ఇంకో చోట 220 అన్నారు. చేతిలో ఉన్నది, అప్పుతో కలిపి, పన్నెండు లక్షలు. "ఎన్ని మిల్లీమీటర్లుంటే నా కారు కింద తగలదు? ఒక్క అంకె చెప్పండి, ఇంట్లో చూపించి ఈ గొడవ ముగించేస్తాను" అని ఆమె అడుగుతున్నారు.

*

అమ్మా, ముందుగా ఆ రోజు కారు ఆపేసినందుకు మిమ్మల్ని మెచ్చుకోవాలి. ఎర్ర నూనె గుర్తు వెలిగిందంటే ఇంజనులో ఆయిల్ ప్రెషర్ పోయిందని. ఆ స్థితిలో మరో కిలోమీటరు నడిపినా బేరింగులు పట్టేసేవి. అప్పుడు సంప్ ఖర్చుతో కాదు, ఇంజను ఖర్చుతో బయటపడేవారు. మాస్టారికి ఈ మాట చూపించండి.

ఇక మీరడిగిన అంకె. అది మీ దారి మీద కొలుచుకోవాల్సిందే. ఎలా కొలవాలో చెబుతాను. అంతకంటే ముందు, షోరూము కుర్రాడు చెప్పిన 208 ఏమిటో చూద్దాం.

కారు కింద అన్నిటికంటే కిందికి ఉన్న భాగానికి, నేలకూ మధ్య ఎడమే గ్రౌండ్ క్లియరెన్స్. చక్రాలు లెక్కలోకి రావు. మన దగ్గర కంపెనీలు మామూలుగా చెప్పేది ఖాళీ కారు కొలత: మనుషుల్లేరు, డిక్కీలో సామాను లేదు. స్కోడా కుషాక్‌కు మాత్రం రెండు కొలతలూ బయటికొచ్చాయి. ఖాళీగా 188 మిల్లీమీటర్లు, నిండుగా 155. అంటే బరువు పడేసరికి 33 మిల్లీమీటర్లు పోయాయి. ప్రతి కారుకూ ఇంతే పోతుందని కాదు, స్ప్రింగుల గట్టిదనాన్ని బట్టి మారుతుంది. కానీ మీ కారులో రోజూ నలుగురు ఎక్కుతున్నప్పుడు బ్రోచర్ అంకెలోంచి ముప్పై నలభై తీసేసి ఆలోచించడం క్షేమం.

ఈ ఖాళీ, నిండు తగాదా పన్నుల దాకా వెళ్లింది. నాలుగు మీటర్ల కంటే పొడవు, 1500 సీసీ దాటిన ఇంజను, 170 మిల్లీమీటర్లు అంతకు మించి గ్రౌండ్ క్లియరెన్స్ ఉంటే ఆ బండిని ఎస్‌యూవీగా లెక్కగట్టి ఎక్కువ సెస్సు వేసేవారు. ఆ 170 ఖాళీ బండిదా, నిండు బండిదా అన్న వాదనకు 2023 జూలైలో జీఎస్టీ కౌన్సిల్ తెర దించింది: ఖాళీ బండిదే. కాబట్టి ఇద్దరు సేల్స్ వాళ్లు రెండు అంకెలు చెబితే, మీ మొదటి ప్రశ్న "ఇది ఖాళీగానా, లోడుతోనా?" అన్నది కావాలి. చాలామందికి జవాబు తెలియదు. అప్పుడు ఖాళీ అనే అనుకోండి.

మీరు చూస్తున్న తరగతిలో ఖాళీ కొలతలు ఇలా ఉన్నాయి. ఎక్స్‌టర్ 185, పంచ్ 187, బ్రెజా 198, ఎక్స్‌యూవీ 3ఎక్స్‌ఓ 201, మాగ్నైట్ 205, నెక్సాన్ 208. పెద్దవాటిలో క్రెటా 190, గ్రాండ్ విటారా 210, ఎలివేట్ 220. ఇక్కడ 201కీ 208కీ తేడా గురించి నిద్ర పాడు చేసుకోకండి. కొత్త టైరుకు ఉండే రబ్బరు గాళ్ల లోతు సుమారు ఎనిమిది మిల్లీమీటర్లు. అరిగాక కనీసం 1.6 మిల్లీమీటర్ల లోతైనా మిగలాలంటుంది చట్టం. టైరు అరిగేలోపే ఆరేడు మిల్లీమీటర్లు ఎలాగూ పోతాయి. మీ పాత హ్యాచ్‌బ్యాక్ కొత్తలో 160, 170 మధ్య ఉండి ఉంటుంది. స్ప్రింగులు కుంగాక ఇప్పుడెంతుందో టేపు పెట్టి చూస్తేనే తెలుస్తుంది. అక్కడి నుంచి 200 దరిదాపుల్లోకి వెళ్లడం నిజమైన మార్పు. 201 నుంచి 208కి వెళ్లడం సేల్స్ మాట.

ఇప్పుడు మీ దారి. వానలు పడ్డాక, గాళ్లు లోతుగా ఉన్నప్పుడే వెళ్లండి. రెండు గాళ్ల మధ్య మిగిలిన మట్టి గట్టు మీద ఒక తిన్నని కర్రను అడ్డంగా, మట్టంగా పెట్టండి. కర్ర నుంచి గాడి అడుగుదాకా టేపుతో కొలవండి. అదే గట్టు ఎత్తు. తగిలే చోట్లు మీకు ఎలాగూ తెలుసు, అక్కడల్లా కొలవండి. గట్టులో పాతుకుపోయిన రాళ్లున్నాయేమో చూడండి, మీ సంప్‌ను పగలగొట్టింది మట్టి కాదు, ఆ రాయి. వచ్చిన వాటిలో పెద్ద అంకెకు, బరువుకు కుంగేది నలభై, కుదుపులకు ఇంకో ఇరవై ముప్పై కలపండి. గట్టు 130 వచ్చిందనుకోండి, మీకు కావలసింది 200. 150 వస్తే 220. 180 వస్తే ఏ క్రాసోవరూ, అంటే ఎస్‌యూవీలా ఎత్తుగా కట్టిన ఏ కారూ, ఆ గాళ్లలో చక్రాలు పెట్టి వెళ్లలేదు. ఒక చక్రం గట్టు మీద, ఇంకోటి అంచు మీద పెట్టి నడపాలి, లేదా బండి రకమే మార్చాలి.

ఇంతటితో లెక్క అయిపోలేదు. అంకె ఒకటే ఉన్న రెండు కార్లలో ఒకటి తగులుతుంది, ఒకటి తగలదు. కల్వర్టు దగ్గర దారి ఎక్కి వెంటనే దిగే చోట కారు పొట్ట తగులుతుంది చూశారా, అక్కడ ముందు చక్రానికీ వెనక చక్రానికీ మధ్య దూరం, అంటే వీల్‌బేస్, పని చేస్తుంది. పంచ్ వీల్‌బేస్ 2445 మిల్లీమీటర్లు, క్రెటాది 2610. ఎక్కుడు, దిగుడు కలిపి మొత్తం 15 డిగ్రీలు వంగే మిట్ట మీద క్రెటా కిందికి పంచ్ కంటే దాదాపు 11 మిల్లీమీటర్లు ఎక్కువ నేల చొచ్చుకొస్తుంది. బ్రోచర్‌లో క్రెటాకు ఉన్న మూడు మిల్లీమీటర్ల ఆధిక్యం అక్కడ ఎటో పోతుంది. గెడ్డలోకి దిగి ఎదుటి గట్టు ఎక్కేటప్పుడు మూతి రాసుకుంటే అది అప్రోచ్ యాంగిల్ వ్యవహారం: ముందు చక్రం కంటే బంపరు ఎంత ముందుకు పొడుచుకొచ్చిందన్నది. షోరూములో పక్కగా కూర్చుని చూస్తే ఇది కంటికే తెలుస్తుంది. ఈ కోణం ఎంత ఎక్కువుంటే అంత మంచిది: పంచ్‌కు 20 డిగ్రీలు, థార్‌కు 41 డిగ్రీల పైన. థార్ ఎక్కడెక్కడో ఎక్కేస్తుందంటే ఆ మూతి పొట్టిదనమే సగం కారణం.

ఊళ్లలో స్పీడ్ బ్రేకర్ల గురించి కూడా అడిగారు. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ చెప్పిన కొలత ప్రకారం బ్రేకర్ ఎత్తు 10 సెంటీమీటర్లు, బండి వెళ్లే దిశలో 3.7 మీటర్ల పొడవున మెల్లగా లేచి దిగాలి. అలా కడితే మామూలు కారు పొట్ట కిందికి వచ్చేది ఐదు సెంటీమీటర్లే, మీ పాత కారు కూడా నవ్వుకుంటూ దాటేది. మన ఊళ్లలో మిగిలిన సిమెంటుతో ఒక్క పూటలో పోసేవాటికి ఈ కొలత తెలియదు. దానికి ఏ కంపెనీ ఏం చేయగలదు! వాటి ముందే బ్రేకు వేసి, ఎక్కేటప్పుడు బ్రేకు వదిలేయండి. బ్రేకు మీద కాలుంటే కారు మూతి కిందికి వంగుతుంది, మీరు డబ్బు పెట్టి కొన్న క్లియరెన్స్‌లో కొంత అక్కడే పోతుంది.

ఇంకో సంగతి చెబితే మీకు ఆశ్చర్యంగా ఉంటుంది. మీ దారిలో నిత్యం తిరిగే బొలెరోకు కంపెనీ చెప్పే క్లియరెన్స్ 180 మాత్రమే. నెక్సాన్ కంటే తక్కువ. అయినా అది వెళ్తుంది. ఎందుకంటే దాని కింద అన్నిటికంటే దిగువన ఉండేది వెనక ఇరుసు మధ్యలోని గుండు, అంటే డిఫరెన్షియల్. అది చక్రాలతో కలిసే ఉంటుంది. పదిమంది ఎక్కినా దాని ఎత్తు మారదు. ఫ్రేము, బాడీ దానికి పైన ఉంటాయి. నెక్సాన్, బ్రెజా, క్రెటా లాంటి క్రాసోవర్లలో కింద ఉన్నదంతా బాడీకే అంటుకుని ఉంటుంది, బరువు పడ్డకొద్దీ అన్నీ కలిసి దిగుతాయి. పైగా బొలెరోలో తోసేది వెనక చక్రాలు. తడిసిన ఎర్రమట్టి ఎక్కుడులో బరువు వెనక్కి వాలుతుంది కాబట్టి వాటికి పట్టు దొరుకుతుంది. మీ ధరలో దొరికే క్రాసోవర్లన్నిటికీ లాగేది ముందు చక్రాలే. ఎత్తు సరిపోయి కూడా జారి ఆగిపోవడం అందుకే. అంకె ఎంత పెద్దదైనా ఈ ఇబ్బందిని తీర్చదు.

ఇప్పుడు మీ ముందున్న దారులు చూద్దాం.

మెకానిక్ మాట మొదట. స్ప్రింగు చుట్ల మధ్య ఇరికించే రబ్బరు స్పేసర్లు కారును ఒకటి రెండు సెంటీమీటర్లు లేపుతాయి, నిజమే. కానీ స్ప్రింగు పని చేయడం తగ్గుతుంది, ఇరుసు జాయింట్లు వాటికి పెట్టిన కోణం దాటి తిరుగుతాయి, ఘాట్ మలుపుల్లో కారు తీరు మారుతుంది. నలుగురిని ఎక్కించుకుని రోజూ లంబసింగి దిగే బండికి నేను వద్దంటాను. దానికి బదులు అరిగి కుంగిన స్ప్రింగులు, షాక్ అబ్జార్బర్లు కంపెనీవే కొత్తవి వేయిస్తే పోయిన ఎత్తు కొంత తిరిగొస్తుంది. సంప్ కింద ఉక్కు గార్డు వేయించుకోవచ్చు. అది తన మందం మేర ఎత్తు తినేస్తుంది, కానీ రాయి దెబ్బ తను తింటుంది. ఈ ఖర్చు వేలల్లో తేలుతుంది. బదిలీ ఏడాది రెండేళ్లలో ఖాయమని మీకు అనిపిస్తే, ఇది తీసిపారేయాల్సిన దారి కాదు.

తమ్ముడి థార్. 226 మిల్లీమీటర్లు, నాలుగు చక్రాలూ తిరిగే ఫోర్ వీల్ డ్రైవ్ రకం తీసుకుంటే మెల్లగా వెళ్తూ గట్టిగా లాగే లో రేంజ్ గేరు, 650 మిల్లీమీటర్ల నీటిలో దిగే సామర్థ్యం. మీ ఐదు కిలోమీటర్లకు దానికి సాటి లేదు. మిగతా రోజంతా మాత్రం అది మీకు సాటి కాదు. మూడు తలుపుల థార్‌లో వెనక సీటుకు ముందు సీటు వంచి ఎక్కాలి, సీట్లు నాలుగే. మీ అత్తగారు ముందు సీటెక్కాలన్నా కాలు చాలా పైకి ఎత్తాలి. ఆపరేషన్ అయిన మోకాలితో అది నెలకు ఒకసారి పడే అవస్థ కాదు. తమ్ముడు ఆవిడను ఒకసారి ఎక్కించి దింపి చూస్తే చాలు, వాదన అవసరం ఉండదు.

మీ ఆయన చెప్పేదాంట్లోనూ అర్థం ఉంది. బదిలీ అయ్యాక కూడా కారు మీ దగ్గరే ఉంటుంది, విశాఖ ప్రయాణాలు ఉంటాయి. ఆయన అడుగుతున్న పొడవాటి బండి పన్నెండు లక్షల్లో వస్తే కింది వేరియంట్ వస్తుంది, సన్‌రూఫ్ రాదు. సన్‌రూఫ్ కోసం పైకి వెళ్తే అప్పు పెరుగుతుంది. ఆ మాట మీరిద్దరూ కాగితం మీద వేసుకుని చూడండి. మీ బడ్జెట్‌లో సన్‌రూఫ్, పెద్ద చక్రాలు, పొడవు, క్లియరెన్స్ నాలుగూ కుదరవు. ఏది వదులుకోవాలో తేల్చుకోవాలి.

నాలుగు మీటర్ల లోపు చిన్న ఎస్‌యూవీలు అందరి అవసరాలకూ కొంతకొంత అందుతాయి. అత్తగారికి వీటి సీటు ఎత్తు హ్యాచ్‌బ్యాక్ కంటే మేలు, వంగి కూర్చుని లేవక్కర్లేదు. పన్ను కూడా కలిసొస్తుంది. 2025 సెప్టెంబరు 22 నుంచి నాలుగు మీటర్ల లోపు, 1200 సీసీ లోపు పెట్రోలు కార్లకు జీఎస్టీ 18 శాతం, డీజిల్ అయితే 1500 సీసీ దాకా. బ్రెజా పొడవు నాలుగు మీటర్ల లోపే అయినా ఇంజను 1462 సీసీ కాబట్టి 40 శాతం పడుతుంది. మరోవైపు, నలుగురితో ఘాట్ ఎక్కేటప్పుడు టర్బో, అంటే ఇంజనులోకి గాలిని ఒత్తి పంపే పరికరం, లేని 1200 సీసీ ఇంజను ఆయాసపడుతుంది. టర్బో ఉన్నదో, బ్రెజా లాంటి పెద్ద ఇంజనో అయితే ఆ కష్టం తక్కువ. ఎక్కడ డబ్బు పెట్టాలన్నది మీ ఇష్టం. నన్నడిగితే మీ ప్రయాణంలో ఎక్కువ భాగం ఘాటే కాబట్టి ఇంజను వైపే మొగ్గుతాను.

వీటిలో దేన్ని తీసుకున్నా ఒక మాట గుర్తుపెట్టుకోండి. పై వేరియంట్‌లో వచ్చే పెద్ద అల్లాయ్ చక్రాలు కారును పైకి లేపవు. పంచ్‌నే చూడండి. కింది వేరియంట్ టైరు 185/70 ఆర్15, పైదానికి 195/60 ఆర్16. రెండింటి మొత్తం ఎత్తూ 640 మిల్లీమీటర్లే. మారేది రబ్బరు గోడ: ఒకదానికి దాదాపు 130 మిల్లీమీటర్లు, రెండోదానికి 117. రాయి అంచు తగిలినప్పుడు ఆ పదమూడు మిల్లీమీటర్ల రబ్బరే రిమ్మును కాపాడుతుంది. మీ దారికి తక్కువ ధర వేరియంటే మంచి వేరియంట్ అయ్యే అరుదైన సందర్భం ఇది. ఈ ముక్క మీ ఆయనకు ఎలా చెబుతారో మీకే వదిలేస్తున్నాను.

చివరి దారి మీ ఉత్తరంలో లేదు. తారు రోడ్డు ఆగిపోయే ఊళ్లో తెలిసిన వాళ్ల వాకిట్లో కారు పెట్టి, వానాకాలంలో మాత్రం ఆ ఐదు కిలోమీటర్లు సర్వీసు జీపులోనో, తోటి మాస్టారి బైకు మీదో వెళ్లడం. సగం సంవత్సరం మీ దారి మామూలు క్రాసోవర్‌కు పనికొస్తుందని నా అంచనా, కొలిస్తే మీకే తెలుస్తుంది. మిగతా సగం కోసం రెండు మూడు లక్షలు ఎక్కువ పెట్టడమా, జీపు ఛార్జీ పెట్టడమా అన్నది లెక్క వేసుకోవచ్చు. ఇబ్బందల్లా జీపు వేళలతో, తడవడంతో. అది చిన్న ఇబ్బందేమీ కాదని నాకు తెలుసు.

గెడ్డ విషయంలో మాత్రం ఎంపికలు ఇవ్వను. గ్రౌండ్ క్లియరెన్స్ వేరు, నీటిలో దిగే లోతు వేరు. పంచ్‌కు కంపెనీ చెప్పే నీటి లోతు 370 మిల్లీమీటర్లు, అదీ నిలిచిన నీటిలో, మెల్లగా వెళ్తే. కొండ మీద వాన పడి పారుతున్న గెడ్డ అడుగుడు లోతున్నా చిన్న కారును పక్కకు తోసేయగలదు. నీటి అడుగు కనిపించకపోతే ఆ రోజు బడికి ఆలస్యమైనా ఫర్వాలేదు, ఇవతలే ఆగండి.

బుక్ చేసే ముందు టెస్ట్ డ్రైవ్‌కు ఒంటరిగా వెళ్లకండి. ఆ ముగ్గురినీ, వీలైతే అత్తగారినీ తీసుకెళ్లండి. అందరూ కూర్చున్నాక మీరు దిగి, ముందు బంపరు కింద, డ్రైవరు తలుపు కింద, వెనక సీటు కింద టేపు పెట్టి కొలవండి. నవ్వితే నవ్వనివ్వండి. మీ గట్టు అంకెతో పోల్చాల్సింది ఆ కొలతలనే.

కొన్నాక బీమా తీసుకునేటప్పుడు ఇంజన్ ప్రొటెక్ట్ అనే అదనపు కవరు ఉందో లేదో చూసుకోండి. మామూలు సమగ్ర పాలసీ రాయి తగిలి పగిలిన సంప్‌కు ఇస్తుంది కానీ, నూనె పోయాక నడపడం వల్ల ఇంజను పట్టేస్తే ఇవ్వదు. కవరు ఉన్నా సరే, ఎర్ర గుర్తు వెలిగితే అక్కడే ఆపి, బీమా వాళ్లకు ఫోన్ చేసి, కారును కదపకుండా ఫోటోలు తీసుకోండి.